కాలమాని: రెండేళ్ళు వాడాక నా అభిప్రాయం

కాలమాని, అంటే ఒక చోట కాలం ఎంత మందగించిందో కొలిచి, దాన్ని స్థిరపరిచే పరికరం, కొనాలా వద్దా అని అడిగేవాళ్ళు ఈమధ్య మా షాపుకి ఎక్కువగా వస్తున్నారు. నేను విశాఖ పూర్ణా మార్కెట్ దగ్గర వాచీలు, గోడ గడియారాలు రిపేరు చేస్తాను. ఈ పరికరం నా చేతికొచ్చి రెండేళ్ళు దాటింది. కొలవడానికైతే కళ్ళు మూసుకుని కొనండి. కాలాన్ని స్థిరపరచడానికే అయితే ఒకటికి రెండుసార్లు ఆలోచించుకోండి.

వాచీ తప్పు టైం చూపిస్తే తప్పు వాచీదే అనుకుంటాం. చాలాసార్లు అదే నిజం. కీ వాచీని స్పీకరు పక్కన పెడితే లోపలి సన్నని చుట్టల స్ప్రింగు, అదే హెయిర్‌స్ప్రింగ్‌కి అయస్కాంతం ఎక్కి చుట్లు ఒకదానికొకటి అతుక్కుంటాయి, వాచీ పరుగు తీస్తుంది. క్వార్ట్జ్ వాచీలో స్ఫటికం సెకనుకి 32,768 సార్లు కంపిస్తుంది. మన ఎండలకి అదీ కాస్త మందగించి నెలకి కొన్ని సెకన్లు వెనకబడుతుంది. ఇలాంటివి నాకు బల్ల మీదే దొరికిపోతాయి. కానీ ఒక చోట కాలమే మందగించిందనుకోండి. అక్కడున్న కీ వాచీ, క్వార్ట్జ్ గడియారం, పొయ్యి మీద పప్పు, మనిషి నాడి, అన్నీ కలిసే మందగిస్తాయి. ఆ గదిలో కూర్చుని ఎంత ఖరీదైన వాచీ చూసుకున్నా తేడా తెలీదు. బయటి టైంతో పోల్చి చూడాల్సిందే. ఫోను ఉందిగా అంటారు. ఫోను టవరు నుంచి టైం తీసుకుని గుట్టుచప్పుడు కాకుండా తనని తాను సరిచేసేసుకుంటుంది, తేడా వచ్చిందన్న సంగతి మన దాకా రానివ్వదు.

కాలమాని చేసేది ఆ పోలికే. లోపల చిన్న పరమాణు గడియారం ఉంటుంది, పైన యాంటెన్నా. మన నావిక్ ఉపగ్రహాల సిగ్నలూ పడుతుంది, జీపీఎస్ సిగ్నలూ పడుతుంది. లోపలి టైముకీ పైనుంచి వచ్చే టైముకీ ఉన్న తేడాని గంటకి ఇంత అని చూపిస్తుంది. ఇది ఆటబొమ్మ కాదని నాకు నమ్మకం కుదిరింది అరకులో. ఎత్తు పెరిగేకొద్దీ గురుత్వాకర్షణ తగ్గి గడియారం ఒక పిసరు వేగంగా నడుస్తుందని ఐన్‌స్టీన్ 1915లో ఇచ్చిన సిద్ధాంతం చెబుతుంది. జీపీఎస్ ఉపగ్రహాల్లో గడియారాలు, వాటి వేగం వల్ల తగ్గేది పోను, రోజుకి సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకెళ్తాయి. ఆ లెక్క ముందే సరిచేసి పెడతారు. అరకు సముద్రమట్టానికి సుమారు 900 మీటర్ల పైన ఉంది. లెక్క ప్రకారం బీచ్ రోడ్డు మీదకంటే అక్కడ గడియారం రోజుకి ఎనిమిది తొమ్మిది నానోసెకన్లు ముందుండాలి. ఒక పగలూ ఒక రాత్రీ గెస్ట్ హౌస్ కిటికీలో పెట్టి చూస్తే సరిగ్గా ఆ మధ్యే చూపించింది. నాకు ఒళ్ళు పులకరించింది.

కొత్తగా కొన్నవాళ్ళు కంగారు పడే సంగతి ఒకటుంది. 'స్థానిక సూర్యకాలం' అనే మీట నొక్కితే విశాఖలో మూడు నిమిషాల పైచిలుకు తేడా కనిపిస్తుంది. అది కాలం మందగించడం కాదు. మన దేశపు టైం 82.5 డిగ్రీల తూర్పు రేఖాంశం మీద లెక్క. ఆ గీత కాకినాడకి కొంచెం తూర్పుగా వెళ్తుంది, మనం ఇంకా తూర్పున 83.3 దగ్గరున్నాం. డిగ్రీకి నాలుగు నిమిషాల చొప్పున ఆ తేడా రావాలి. టెన్షన్ పడి స్థిరపరిచే మీట నొక్కకండి, బ్యాటరీ దండగ.

ఇక ఈ పరికరం విలువ నాకు పూర్తిగా అర్థమైన చోటు వన్ టౌన్‌లో ఒక పాత మేడ. వాళ్ళ వంటింటి గడియారం పదే పదే నా బల్ల మీదకి వచ్చేది. ఇక్కడ చక్కగా నడుస్తుంది, అక్కడికెళ్ళగానే వెనకబడుతుంది. "ఏం బాబూ, మెషీన్ కొత్తది వేశానన్నావు, మళ్ళీ మొదటికొచ్చిందే" అని ఆ ఇంటి పెద్దాయన అడిగారు. పొద్దున్నే కాలమాని పట్టుకుని వెళ్ళాను. హాల్లో సున్నా. వంటింటి గడప దాటగానే అంకె పైకి లేచింది, గంటకి 2 నిమిషాల 10 సెకన్లు వెనక. గడప ఇవతలికి వస్తే మళ్ళీ సున్నా.

పొయ్యి దగ్గరున్న కోడలు గారు స్టవ్ తగ్గించి, "అంటే కుక్కర్ కూడా లేటవుతుందా అన్నయ్య గారూ?" అని అడిగారు. అవుతుందమ్మా అన్నాను. ఆ ఇంట్లో ఈ మందగింపు పొద్దున ఐదింటి నుంచి ఎనిమిదింటి దాకానే ఉంటుంది. అంటే భర్త క్యారేజీ కట్టేలోపు ఆవిడ చేతిలోంచి ఆరు నిమిషాలకి పైగా పోతున్నాయి. పెళ్ళయినప్పటి నుంచీ ఆవిడకి నెమ్మది మనిషి అని పేరు. హాల్లో వింటున్న అత్తగారు లేచి వచ్చారు. కాలమాని నా చేతిలోంచి తీసుకుని, గడపకి అటొక అడుగు ఇటొక అడుగు వేసి, అంకె తనే చూసుకున్నారు. "మరి ఇన్నాళ్ళూ..." అని ఆగిపోయారు. ఇరవై ఏళ్ళకి పైగా వాచీలు బాగుచేస్తున్నాను, ఒక మనిషి మీది నింద తీసేసిన పనిముట్టు ఇంకొకటి నా సంచిలో లేదు.

అందుకే కొలత దగ్గర నేను దీనికి పూర్తి మార్కులు వేస్తాను. ఒక్కటే గుర్తుంచుకోండి, ఫిర్యాదు ఏ వేళదో ఆ వేళకే కొలవాలి. ఆ వంటింట్లో సాయంత్రం పూట ఎంత తిరిగినా సున్నాయే వస్తుంది.

స్థిరపరచడం సంగతి వేరు. గది మధ్యలో నేల మీద పెట్టి మీట నొక్కి పట్టుకుంటే ముప్పావు గంటలో అంకె సున్నాకి దిగుతుంది. అప్పటికి బ్యాటరీ ఖాళీ, పెట్టె చెయ్యి పెట్టలేనంత వేడి. ఊగే బల్ల కాలి కింద అట్టముక్క పెట్టినట్టు కొన్నాళ్ళు ఆగుతుంది, తర్వాత మళ్ళీ మామూలే. ఒక గదికి మించి పనిచేయదు. పైగా ఇక్కడ నొక్కితే పక్క గదిలో తేలే ప్రమాదం ఉంది. ఆ ఇంట్లోనే వంటింట్లో సర్దుకున్నాక పూజగదిలో కొంత కనిపించింది. పోయిన టైం తిరిగొస్తుందని చెప్పి అమ్మేవాళ్ళున్నారు. రాదు. ఆ మాట నమ్మి అప్పు చేసి కొన్నవాళ్ళని చూశాను, కడుపు తరుక్కుపోయింది. వన్ టౌన్ వాళ్ళు ఆ తర్వాత మళ్ళీ మీట జోలికి పోలేదు. గడియారం హాల్లోకి మార్చారు, క్యారేజీ తనే కట్టుకుంటానని ఆవిడ భర్త ముందుకొచ్చాడు.

మన ఊరి ఉప్పు గాలి దీనికి పడదు. చార్జింగ్ పిన్నుల మీద పచ్చ చిలుము పడుతుంది, స్పిరిట్ అద్దిన దూదితో వారానికోసారి తుడవాలి. బీచ్ దగ్గర ఇళ్ళున్నవాళ్ళు మూత గట్టిగా ఉన్న డబ్బాలో పెట్టుకోండి. ఇరుకు సందుల్లో సిగ్నల్ అందదు. మేడ మీదకెళ్ళి పది నిమిషాలు ఆకాశం చూపించి కిందకి తెస్తే సాయంత్రం దాకా లోపలి గడియారమే నెట్టుకొస్తుంది.

తయారు చేసినవాళ్ళకి నాదొక విన్నపం. కొలతలు నెల రోజులకి చెరిగిపోతున్నాయి, బయటికి తీసే దారి లేదు. ఆ కోడలు గారు నన్ను అడిగింది ఒక కాగితం. అంకెలు చేత్తో రాసి, తేదీ వేసి, షాపు ముద్ర కొట్టి ఇచ్చాను. ఆ పని పరికరమే చేయాలి. చోటు, తేదీ, టైముతో సహా కొలత ఫోనుకి వచ్చేలా వచ్చే మోడల్లో పెట్టండి. బ్యాటరీ ఇంతే ఉన్నా సర్దుకుంటాం.