పర్లాకిమిడిలో ఒక మొబైల్ దుకాణం: చెల్లింపు చిక్కు వల్ల యాప్ దిగనప్పుడు

ఉచితంగా దొరికే యాప్‌ను దించుకోబోతే, ముందు చెల్లింపు మార్గాన్ని సరిచూడమని ఫోను ఎందుకు అడుగుతోందో అర్థం కాక తలపట్టుకునేవారు ఒడిశాలోని గజపతి జిల్లాలో తక్కువేమీ లేరు. పర్లాకిమిడి బజారులో ఫోన్ల మరమ్మతు దుకాణాలకు కొదవ లేదు గానీ, వాటిలో ఎక్కువ భాగం అద్దం పగిలితే మార్చడానికీ, బ్యాటరీ ఉబ్బితే కొత్తది వేయడానికీ పనికివచ్చేవే. లోపం ఫోనులో కాక, యాప్‌లు దించుకునే గూగుల్ లేదా ఆపిల్ ఖాతాలో ఉన్నప్పుడు ఆ సంగతి కనిపెట్టి చెప్పగల దుకాణం నాకు తెలిసినంతలో ఒక్కటే ఉంది. యజమానికి ప్రచారం ఇష్టం లేదు కనుక పేరు రాయడం లేదు. బోర్డు ఒడియాలో ఉన్నా లోపల మాట ఒడియాలోనూ తెలుగులోనూ సమానంగా నడుస్తుంది. కాశీనగరం వైపు పల్లెల నుంచీ, సరిహద్దు దాటి ఆంధ్రలోని పాతపట్నం నుంచీ కూడా జనం వస్తారు.

ఈ దుకాణం పద్ధతి విలువ తెలియాలంటే మిగతాచోట్ల జరిగేది ముందు చెప్పాలి. యాప్ దిగడం లేదని ఫోను ఇస్తే, ఊళ్లోని మరో దుకాణంలో రెండే మందులు వేస్తారు: ఫోనులో ఉన్నదంతా చెరిపివేసి మొదటికి తేవడం, లేదా కొత్త ఖాతా తెరిచి చేతిలో పెట్టడం. మా ఇంట్లోని ఒక ఫోనుకు అక్కడ రెండో మందు వేశారు. యాప్ అప్పటికప్పుడు దిగింది, నిజమే. కానీ కొత్త ఖాతాకు దుకాణం నంబరే ఇవ్వడంతో, ఆ తరువాత పాస్‌వర్డ్ మార్చబోయిన ప్రతిసారీ ఓటీపీ దుకాణానికి వెళ్లేది. పాత ఖాతాలో డబ్బు పెట్టి కొన్న యాప్‌లు కొత్త ఖాతాకు రానే లేదు. పాత ఖాతాలోని బాకీ ఎక్కడిదక్కడే ఉండిపోయింది. అడ్డుపడినది డబ్బు లెక్క అయినప్పుడు ఫోనును చెరపడం వల్ల ఒరిగేదేమీ ఉండదు, ఎందుకంటే ఆ లెక్క ఉండేది కంపెనీ దగ్గరి ఖాతాలో. అదే ఖాతాతో మళ్లీ లోపలికి వెళ్తే అదే హెచ్చరిక మళ్లీ కనబడుతుంది.

నేను చెబుతున్న దుకాణంలో కుర్రవాడు ఫోనును చేతిలోకి తీసుకోకముందే మూడు ప్రశ్నలు వేస్తాడు: ఈ ఖాతా ఎవరిది, దీనికి డబ్బు ఎవరి బ్యాంకు నుంచి పోతుంది, ఏదైనా యాప్‌కు నెలవారీ చందా ఉందా. సగం చిక్కులు ఈ ప్రశ్నల దగ్గరే బయటపడతాయి. ముఖ్యంగా ఐఫోన్ల విషయంలో ఈ విచారణ తప్పనిసరి. విశాఖలోనో హైదరాబాదులోనో ఉద్యోగం చేసే పిల్లలు తాము వాడిన ఐఫోన్‌ను ఊళ్లో ఉన్న తల్లిదండ్రులకు ఇవ్వడం ఇక్కడ మామూలైపోయింది. ఫోను చేతులు మారుతుంది కానీ ఖాతా మారదు. కొడుకు ఎప్పుడో కొన్నాళ్లు ఉచితంగా వాడి చూద్దామని (ఫ్రీ ట్రయల్) మొదలుపెట్టిన చందా, ఆ గడువు తీరేందుకు కనీసం 24 గంటల ముందు రద్దు చేయకపోవడం వల్ల, డబ్బు చెల్లించవలసిన చందాగా మారి ఉంటుంది; యాప్‌ను ఫోనులో నుంచి తీసేసినంత మాత్రాన చందా ఆగదని చాలామందికి తెలియదు. బ్యాంకులో నిల్వ లేక ఆ సొమ్ము చెల్లకపోతే అది బాకీగా నిలుస్తుంది. బాకీ ఉన్న ఖాతాతో కొత్తగా ఏదీ కొనడానికి ఆపిల్ ఒప్పుకోదు, ఉచిత యాప్‌లు దించుకోవడం కూడా ఆగిపోవచ్చు. తల్లికి కనబడేది మాత్రం భజనల యాప్ దిగడం లేదన్నది ఒక్కటే.

దీనికి ఆ కుర్రవాడు చేసే పని సులువైనదే. సెట్టింగ్స్‌లో ఖాతా పేరు మీద నొక్కి, కొనుగోళ్ల చరిత్ర తెరిచి, ఏ తేదీన ఏ సొమ్ము నిలిచిపోయిందో ఖాతాదారుకే చూపిస్తాడు. ఆ బాకీ తీర్చాక, అక్కరలేని చందాలను రద్దు చేయిస్తాడు. ఆ తరువాత చెల్లింపు మార్గం ఏదీ వద్దని ఎంచుకునే వీలు దొరుకుతుంది. బాకీ గానీ నడుస్తున్న చందా గానీ ఉన్నంత కాలం ఆ ఎంపిక కనబడదు. కుటుంబంలో కొనుగోళ్లు పంచుకునే ఏర్పాటు ఉన్నా అంతే. అది కనబడలేదని ఫోను పాడైందనుకునేవారిని నేనక్కడ చూశాను.

కార్డుల సంగతిలో అతనికున్న అవగాహన నన్ను ఇంకా ఆశ్చర్యపరచింది. ఎదురుగా ఉన్న ఏటీఎంలో చక్కగా పనిచేసే డెబిట్ కార్డు ప్లే స్టోర్‌లో ఎందుకు తిరస్కరణకు గురవుతుందని అడిగితే, రిజర్వు బ్యాంకు నిబంధన చెప్పాడు. 2020 అక్టోబరు నుంచి కొత్తగా ఇచ్చే కార్డులు ఏటీఎంలలోనూ, దుకాణాల్లోని స్వైపింగ్ మెషిన్ల మీదా మాత్రమే పనిచేసే స్థితిలో వస్తాయి. ఆన్‌లైన్ చెల్లింపులు కావాలంటే ఖాతాదారే బ్యాంకు యాప్‌లోనో, ఏటీఎంలోనో, శాఖకు వెళ్లో దాన్ని తెరిపించుకోవాలి. అంతకుముందు ఇచ్చిన కార్డులయినా ఆన్‌లైన్‌లో ఎన్నడూ వాడకపోతే వాటికీ ఆ సౌకర్యం మూసివేశారు. పింఛను తీసుకోవడానికి తప్ప కార్డు బయటకు తీయని పెద్దలందరూ ఈ కోవలోకే వస్తారు. ఇక ఐఫోన్‌వారికైతే కార్డు గొడవే అక్కరలేదు: ఖాతా నుంచి నెలనెలా దానంతట అదే జరిగే కోతలపై రిజర్వు బ్యాంకు నియమాలు బిగించిన తరువాత, 2022లో ఆపిల్ మన దేశంలో యాప్ స్టోర్ చెల్లింపులకు కార్డులను తీసుకోవడం మానుకుని యూపీఐకి, నెట్ బ్యాంకింగ్‌కు, ఖాతాలో ముందుగా వేసుకున్న నిల్వకు పరిమితమైంది. పాత కార్డు వివరాలను పదేపదే టైపు చేసి విసిగిపోయేవారికి ఈ ఒక్క మాట చెప్పేవారుంటే చాలు.

సరిహద్దు ఊరు కావడం వల్ల మరొక తిరకాసు మాకు అదనంగా ఉంటుంది. బ్యాంకు ఖాతా పాతపట్నం శాఖలో, ఆ ఖాతాకు జతచేసిన నంబరు ఎప్పటిదో పాత ఆంధ్ర సిమ్, చేతిలోని ఫోనులో ఇప్పుడున్నది ఒడిశా సిమ్. యూపీఐ నమోదు కావాలంటే బ్యాంకులో ఉన్న నంబరు గల సిమ్ ఆ ఫోనులోనే ఉండి, దాని నుంచే ఎస్సెమ్మెస్ వెళ్లాలి. అది వెళ్లకపోతే యూపీఐ నమోదు కాదు. యూపీఐ లేకపోతే స్టోర్ అడిగిన ఆమోదం ఇవ్వడం కుదరదు. ఇది దుకాణంలో తీరే పని కాదని, బ్యాంకుకు వెళ్లి నంబరు మార్పించుకోవాలని ఆ కుర్రవాడు ముందే చెప్పి, రుసుము అడగకుండా పంపేస్తాడు. ఆటోపే అనుమతులు, అంటే మనం ప్రతిసారీ నొక్కకుండానే సొమ్ము కోసుకోవడానికి సంస్థలకు ఇచ్చిన అనుమతులు, చూపించే పద్ధతి కూడా బాగుంది. కోతకు కనీసం 24 గంటల ముందు సమాచారం రావాలన్న నియమం ఉన్నా, ఆ సందేశాలను ప్రకటనలనుకుని చదవకుండా తుడిచేసేవారే ఎక్కువ. యూపీఐ యాప్‌లో ఆటోపే జాబితా తెరిచి, ఏయే సంస్థకు ఎంత వరకు తీసుకునే అనుమతి ఉందో ఒక్కొక్కటిగా చదివి వినిపిస్తాడు.

ఆండ్రాయిడ్ ఫోన్లకు ఇంత తతంగం అరుదు. ఉచిత యాప్ కోసం చెల్లింపు వివరాలు ఇవ్వనవసరం లేదు. ఖాతా ఏర్పాటు పూర్తిచేయమని ప్లే స్టోర్ అడిగితే దాటవేసే బొత్తాం అక్కడే ఉంటుంది. డౌన్‌లోడ్ పెండింగ్ అని చూపిస్తూ ఆగిపోతే, అది చాలావరకు స్థలం లేకపోవడమో, వైఫై మీద మాత్రమే దించాలన్న అమరికో అయి ఉంటుంది గానీ డబ్బుతో సంబంధం ఉండదు. దుకాణంలో దానికి ఏమీ తీసుకోరు.

నాకు అన్నిటికన్నా నచ్చినది పిన్ విషయంలో పాటించే నియమం. తన యూపీఐ పిన్‌ను కాగితం మీద రాసి ఇవ్వబోయిన ఒక వృద్ధురాలితో, “నాకు చెప్పకండి మామ్మగారూ, నేను అటు తిరుగుతాను, మీరే నొక్కండి” అని నిజంగానే గోడ వైపు తిరిగి నిలుచున్నాడు. డబ్బు వెనక్కి రావడానికి పిన్ ఎన్నడూ అవసరం లేదని, కస్టమర్ కేర్ నంబరు కోసం ఇంటర్‌నెట్‌లో వెదికితే దొరికేవాటిలో దొంగ నంబర్లు ఉంటాయని, ఆ నంబర్లవారు చెప్పారని మన స్క్రీన్‌ను వారికి చూపించే యాప్‌లు వేసుకోవద్దని, మోసపోతే వెంటనే సైబర్ మోసాల ఫిర్యాదు నంబరు 1930కి ఫోను చేయాలని ఒడియాలోనూ తెలుగులోనూ రాసి బల్ల మీద అతికించారు. మా వైపు బ్యాంకులు కూడా ఈ పని ఇంత స్పష్టంగా చేయడం నేను చూడలేదు.

లోపాలు లేవని కాదు. రుసుముల పట్టిక ఎక్కడా ఉండదు. ఒకే పనికి ఇద్దరి దగ్గర వేర్వేరుగా తీసుకోవడం నా కళ్లముందే జరిగింది. అడిగితే తప్ప రసీదు ఇవ్వరు. ప్లే స్టోర్‌లో వాడుకునే గిఫ్ట్ కోడ్‌లను అక్కడే అమ్ముతారు కనుక, యూపీఐ తిన్నగా ఉన్నవారికి కూడా కోడ్ కొనుక్కోమని యజమాని సలహా ఇస్తుంటాడు. ఒకసారి ఖాతాలో వేసుకున్న ఆ సొమ్మును తిరిగి బ్యాంకులోకి తెచ్చుకోలేమన్న సంగతి మాత్రం తనంతట తాను చెప్పడు. పైగా విషయం తెలిసినది ఆ కుర్రవాడికే. అతను లేని పూట యజమాని కూడా ఊళ్లోని తక్కినవారిలాగే అంతా చెరిపేద్దామంటాడు. అందుచేత అతను ఉన్నాడో లేడో కనుక్కుని వెళ్లడం మేలు, అతను లేకుంటే ఫోను అక్కడ వదిలిపెట్టి రాకూడదు.

వెళ్లేటప్పుడు బ్యాంకులో నమోదైన నంబరు గల సిమ్‌ను ఫోనులోనే ఉంచుకుని, ఖాతా పాస్‌వర్డ్ గుర్తుచేసుకుని వెళ్లాలి. ఖాతా పిల్లలదైతే వారు ఫోనులో అందుబాటులో ఉండే వేళ, అంటే సాయంత్రం ఏడు దాటాక వెళ్తే, ఓటీపీ అటు నుంచి చెప్పించుకుని పని ఒక్క విడతలో ముగించుకోవచ్చు.