సెకండ్ హ్యాండ్ ఆటోమేటిక్ ఎస్‌యూవీ కొంటున్నారా? ఏ రకం గేర్‌బాక్సో తెలుసుకోకుండా అడ్వాన్స్ ఇవ్వకండి

కాంపాక్ట్ ఎస్‌యూవీ, అందులోనూ ఆటోమేటిక్, అందులోనూ సెకండ్ హ్యాండ్‌లో కొనే ఆలోచన ఉన్నవాళ్లు ఇది ఓపిగ్గా చివరిదాకా చదవండి. గేర్‌బాక్స్ వల్ల నాకు పోయింది బండి కొన్న ధరలో దాదాపు ఐదో వంతు. దాంతోపాటు రెండు నెలల మనశ్శాంతి. ఇంకొకరికి ఇలా జరగకూడదనే వివరంగా రాస్తున్నాను.

బండి చూడటానికి చాలా బాగుంది. 60,000 కిలోమీటర్లు తిరిగింది, పెయింట్‌లో ఎక్కడా తేడా లేదు, టైర్లు కొత్తవి. అమ్మిన డీలర్ "పూర్తి ఆటోమేటిక్ సార్, క్లచ్ గొడవే ఉండదు" అన్నాడు. పెడల్ లేదు కాబట్టి నేనూ అదే నమ్మాను. నేను వెళ్లేసరికే ఇంజన్ ఆన్ చేసి, ఏసీ వేసి సిద్ధంగా పెట్టాడు. ఖాళీ రోడ్డు మీద పది నిమిషాలు నడిపాను. గేర్లు మారుతున్నట్టే తెలియలేదు. అదే రోజు అడ్వాన్స్ ఇచ్చేశాను.

మూడో వారంలో ఒక సాయంత్రం ఫ్లైఓవర్ ఎక్కుతుంటే ట్రాఫిక్ ఆగిపోయింది. రెండడుగులు కదలడం, ఆగడం. పావుగంట అలాగే గడిచింది. బ్రేక్ వదిలి యాక్సిలరేటర్ మీద కాలు పెట్టగానే సీటు కింద నుంచి వణుకు మొదలైంది. కంకర రోడ్డు మీద వెళ్తున్నట్టు బండంతా గడగడలాడింది, పక్కన పెట్టిన నీళ్ల సీసా టకటకా కొట్టుకుంది. ఇంకో ఐదు నిమిషాలకి మీటర్ దగ్గర హెచ్చరిక వచ్చింది: గేర్‌బాక్స్ బాగా వేడెక్కింది, బండి పక్కకి ఆపండి అని. పక్కకి తీసే చోటు ఎక్కడుంది? వెనక సీట్లో పిల్లలు, ఆ వెనక హారన్లు. హజార్డ్ లైట్లు వేసుకుని ఇరవై నిమిషాలు అక్కడే నిలబడ్డాం.

చల్లారాక బండి మామూలుగానే వెళ్లింది. దాంతో ఏదో ఎండ వల్ల అనుకుని ఇంకో రెండు వారాలు వదిలేశాను. అది పెద్ద తప్పు. ఆ తర్వాత ఒకటో గేరు నుంచి రెండుకి మారేటప్పుడు రోజూ కుదుపే. ఒకరోజు పార్కింగ్‌లో ఆర్ లో పెడితే రెండు మూడు సెకన్లు ఏమీ జరగలేదు, తర్వాత ఎవరో వెనక నుంచి గుద్దినట్టు ఒక్కసారిగా పట్టుకుంది. అంతకంటే భయపెట్టే విషయం ఇంకోటి లేదు. వెనకాల గోడ ఉందా, మనిషి ఉన్నాడా అని అది చూడదు కదా.

తెలిసినవాళ్లు చెప్తే గేర్‌బాక్స్ పనే చేసే ఒక మెకానిక్ దగ్గరికి తీసుకెళ్లాను. నేను చెప్పింది మొత్తం విని, బండి ముట్టుకోకుండానే వేళ్ల మీద లెక్కపెట్టాడు. "ఒకటి, మూడు, ఐదు, ఏడు ఒక క్లచ్ మీద. రెండు, నాలుగు, ఆరు, రివర్స్ ఇంకో క్లచ్ మీద. మీకు రెండులోనూ రివర్స్‌లోనూ కుదుపు వస్తోందంటే ఆ రెండో క్లచ్ పోయినట్టే అన్నా." గేర్‌బాక్స్ దించాక చూపించాడు కూడా. క్లచ్‌ని అదిమిపట్టే ప్రెషర్ ప్లేటు మీద నీలం రంగు మచ్చలు, వేడికి ఇనుము రంగు మారిన గుర్తులు. లోపలంతా నల్లటి పొడి. కాలిన వాసన చేతికి అంటుకుని సాయంత్రం దాకా పోలేదు.

అప్పుడు తెలిసింది, నేను కొన్నది డ్రై క్లచ్ డీసీటీ, అంటే ఆయిల్ తగలని రెండు క్లచ్‌లుండే గేర్‌బాక్స్ అని. ఆటోమేటిక్ అన్న ఒక్క మాట కింద నాలుగు వేర్వేరు యంత్రాలు అమ్ముతున్నారు. వాటి జబ్బులు వేరు, వాటిని పరీక్షించే పద్ధతి వేరు, వాడే పద్ధతి కూడా వేరే. కొనేముందు నాకు ఎవరూ చెప్పని విషయం ఇదే.

మన ఊహలో ఉండే ఆటోమేటిక్ అసలు టార్క్ కన్వర్టర్ రకం. 1940 మోడల్ ఓల్డ్స్‌మొబైల్ కార్లలో వచ్చిన హైడ్రామాటిక్ కాలం నుంచి ఈ జాతి బళ్లలో ఇంజన్ శక్తిని గేర్లకి అందించేది ఆయిల్. కదలడం మొదలుపెట్టేటప్పుడు రెండు ప్లేట్లు రాసుకోవు కాబట్టి ట్రాఫిక్‌ని బాగా తట్టుకుంటుంది. నా మటుకు, రోజూ ట్రాఫిక్‌లో నడిపేవాళ్లకి సెకండ్ హ్యాండ్‌లో నిశ్చింతగా కొనదగ్గది ఇదే. కానీ దీనికి ఆయిలే ప్రాణం. ఏటీఎఫ్, అంటే ఈ గేర్‌బాక్స్ ఆయిల్, మాడి నల్లబడితే దాన్ని దారి మళ్లించి గేర్లు మార్చే వాల్వ్ బాడీలో మడ్డి చేరుతుంది, గేరు ఆలస్యంగా పడుతుంది, పడ్డప్పుడు తన్నినట్టు ఉంటుంది. కొన్ని బళ్లలో ఈ ఆయిల్‌ని చల్లబరిచే కూలర్ రేడియేటర్ లోపలే ఉంటుంది. అది లోపల లీకైతే కూలెంట్ వెళ్లి ఆయిల్లో కలుస్తుంది, ఆయిల్ గులాబీ రంగు పాలలా మారుతుంది. అలా కనిపించిన బండి దగ్గర ఇంక బేరమే వద్దు.

డీసీటీ అలా కాదు. అందులో ఉన్నవి మాన్యువల్ బండిలో ఉండేలాంటి క్లచ్‌లే, కాకపోతే రెండు. ఒక గేరులో వెళ్తుండగానే తర్వాతి గేరు రెండో క్లచ్ మీద సిద్ధంగా ఉంటుంది, అందుకే మారడం తెలియదు. ఖాళీ రోడ్డు మీద నాకు అంత నచ్చింది అందుకే. చిక్కంతా నెమ్మదిగా పాకేటప్పుడు వస్తుంది. రెండడుగులు కదిలి ఆగిన ప్రతిసారీ కంప్యూటర్ హాఫ్ క్లచ్ మీద నడుపుతోందన్న మాట. వెట్ క్లచ్ రకంలో ఆ వేడిని ఆయిల్ లాగేస్తుంది. డ్రై రకంలో లాగడానికి గాలి తప్ప ఏమీ లేదు. అమ్మేవాళ్లని "డీసీటీయేనా?" అని అడిగి ఊరుకోకండి, "డ్రైయా, వెట్టా?" అని అడగండి. తెలీదంటే మోడల్, ఇంజన్, సంవత్సరం రాసుకుని కంపెనీ వివరాల్లో మీరే చూసుకోండి. ఒకే పేరున్న బండిలో పెట్రోల్‌కి ఒక గేర్‌బాక్స్, డీజిల్‌కి ఇంకో గేర్‌బాక్స్ రావడం మామూలే.

ఏఎంటీ అంటే మాన్యువల్ గేర్‌బాక్సే. మన కాలూ చెయ్యీ చేసే పనిని ఒక యాక్చుయేటర్ చేస్తుంది. గేరు మారేటప్పుడు తల ముందుకి ఊగినట్టు ఉండటం దాని స్వభావం, జబ్బు కాదు. ఆగి ఉన్నప్పుడు దానంతటదే న్యూట్రల్‌లో పడిపోవడం, గేరు చూపించే చోట అంకె మెరవడం, పంపు మాటిమాటికీ గుయ్‌మనడం, ఇవి జబ్బులు. ఎక్కుడు మీద బ్రేక్ నొక్కకుండా యాక్సిలరేటర్‌తో బండిని నిలబెట్టే అలవాటు ఉన్నవాళ్ల చేతిలో పడితే ఈ క్లచ్ త్వరగా అరిగిపోతుంది. డీసీటీకీ ఇదే వర్తిస్తుంది.

సీవీటీలో విడివిడి గేర్లే లేవు. రెండు పుల్లీలు, మధ్యలో ఉక్కు బెల్టు. పుల్లీలు దగ్గరికీ దూరానికీ జరుగుతూ నిష్పత్తిని మారుస్తాయి. 1958లో డాఫ్ అనే డచ్ కంపెనీ రబ్బరు బెల్టులతో ఇదే సూత్రాన్ని చిన్న కారులో తెచ్చింది. నెమ్మదిగా నడిపేవాళ్లకి ఇంత హాయి ఇంకెందులోనూ ఉండదు. కానీ బెల్టు జారితే పుల్లీ మీద గీతలు పడతాయి, ఆ తర్వాత రిపేరు అంటూ పెద్దగా ఉండదు, గేర్‌బాక్సే మార్చాలి. వేగంతో పాటు పెరిగే ఈల లాంటి శబ్దం వచ్చినా, తక్కువ వేగంలో వణుకు వచ్చినా వదిలేయండి. దీనికి సీవీటీ ఆయిలే పోయాలి. మామూలు ఏటీఎఫ్ పోస్తే పాడైపోతుంది. ఇంకో సంగతి, సీవీటీ గానీ టార్క్ కన్వర్టర్ గానీ రోడ్డు మీద ఆగిపోతే తాడు కట్టి లాగించకండి. ఇంజన్ ఆగితే ఆయిల్ పంపు కూడా ఆగుతుంది, చక్రాలు తిరుగుతుంటే లోపలి భాగాలు ఆయిల్ లేకుండా రాసుకుంటాయి. నాలుగు చక్రాలూ పైకెత్తే ట్రక్కు పిలవండి.

మాన్యువల్ గురించి ఎక్కువ చెప్పను, అందరికీ తెలిసిందే. నాలుగో గేరులో, తక్కువ వేగంలో యాక్సిలరేటర్ గట్టిగా తొక్కండి. ఆర్పీఎం పెరిగి వేగం పెరగకపోతే క్లచ్ జారుతోంది. పొద్దున్నే చల్లని బండిలో రెండో గేరు కర్‌మంటే సింక్రోలు, అంటే గేరు సాఫీగా పడేలా చేసే రింగులు, అరిగాయి. ఇంజన్ ఆపేటప్పుడు కింద గలగల వినిపిస్తే ఇంజన్‌కీ క్లచ్‌కీ మధ్య వణుకు తగ్గించే డ్యూయల్ మాస్ ఫ్లైవీల్ చూపించాలి, దాని ఖర్చు క్లచ్ ప్లేటు కంటే చాలా ఎక్కువ.

ఇప్పుడు నా విషయంలో జరిగిన అసలు మోసం సంగతి. మెకానిక్ స్కానర్ పెట్టి ఒక అంకె చూపించాడు. ఎర్రర్ కోడ్‌లు చెరిపేశాక బండి ఎంత దూరం తిరిగిందో ఇంజన్ కంప్యూటర్‌లో నమోదై ఉంటుంది. నేను కొన్న తర్వాత తిరిగిన కిలోమీటర్లకీ ఆ అంకెకీ తేడా కేవలం 38. అంటే నాకు చూపించడానికి కాస్త ముందే కోడ్‌లన్నీ తుడిచేశారు. క్లచ్ అడాప్టేషన్, అంటే క్లచ్ అరుగుదలని బట్టి కంప్యూటర్ నేర్చుకున్న లెక్కలు, కూడా రీసెట్ చేసి ఉంటారని అతని అనుమానం. అలా చేస్తే కొన్నాళ్లు కుదుపు తగ్గినట్టు అనిపిస్తుందట, అరిగిన ప్లేటు మాత్రం అరిగినట్టే ఉంటుంది. బ్యాటరీ తీసి పెట్టినా కొన్ని బళ్లలో ఆ లెక్క సున్నా అవుతుంది కాబట్టి అదొక్కటే రుజువు కాదు. కానీ ఆ అంకె చిన్నగా ఉంటే కారణం అడగాల్సిందే. బండి కంప్యూటర్‌ని చదివి ఫోన్‌లో చూపించే చిన్న ఓబీడీ పరికరంతోనే ఇది చూడొచ్చు. గేర్‌బాక్స్ కోడ్‌లు మాత్రం వాటిల్లో చాలావరకు కనపడవు, అందుకు గేర్‌బాక్స్ కంప్యూటర్‌ని కూడా చదివే స్కానర్ ఉన్న మెకానిక్‌ని వెంట తీసుకెళ్లాలి.

టెస్ట్ డ్రైవ్ చల్లని ఇంజన్‌తో మొదలుపెట్టండి. బండి స్టార్ట్ చేయొద్దని ముందే చెప్పి, వెళ్లగానే బానెట్ మీద చెయ్యి పెట్టి చూడండి. వేడిగా ఉంటే ఇంకో రోజు పొద్దున్నే వస్తానని చెప్పేయండి. నడిపేటప్పుడు వేగం కాదు చూడాల్సింది. బ్రేక్ వదిలి, యాక్సిలరేటర్ తొక్కకుండా అడుగడుగునా పాకించండి. ఎక్కుడు మీద ఆపి కదిలించండి. రివర్స్‌లో ఎక్కుడు ఎక్కించండి. డి నుంచి ఆర్, ఆర్ నుంచి డి మార్చి ఎంతసేపట్లో పట్టుకుంటుందో చూడండి. కనీసం నలభై నిమిషాలు, అందులో సగం ట్రాఫిక్‌లో నడపాలి. నేను ఖాళీ రోడ్డు మీద నడిపిన పది నిమిషాల్లో ఆ క్లచ్ హాఫ్‌లో ఉన్నది బహుశా పది సెకన్లు.

ఆయిల్ గురించి "లైఫ్‌టైమ్, మార్చక్కర్లేదు" అనే మాట మీకూ వినిపిస్తుంది. నమ్మొద్దు. టార్క్ కన్వర్టర్ గేర్‌బాక్సులు తయారుచేసే జెడ్‌ఎఫ్ సంస్థే తన ఆటోమేటిక్‌లకి 80,000 నుంచి 1,20,000 కిలోమీటర్ల మధ్య, లేదా ఎనిమిదేళ్లలోపు ఆయిల్ మార్చమంటోంది. వెట్ క్లచ్ డీసీటీల్లో చాలావాటికి 60,000 కిలోమీటర్లు గడువు. మీ బండి గడువు ఓనర్స్ మాన్యువల్‌లో చూడండి, ట్రాఫిక్‌లో ఎక్కువ తిరిగేదైతే అంతకంటే ముందే మార్పించండి. ఆయిల్ మార్చినట్టు బిల్లు లేకపోతే మార్చలేదనే లెక్క వేసుకోండి.

నేనైతే ఇప్పుడు రెండు క్లచ్‌లూ మార్పించి నడుపుతున్నాను. ముందు బండికి కాస్త దూరం వదిలి, చోటు దొరికాకే ఒకేసారి కదులుతాను. ఎక్కువసేపు ఆగితే న్యూట్రల్‌లో పెట్టి హ్యాండ్ బ్రేక్ వేస్తాను. పార్కింగ్‌లో కూడా ముందు హ్యాండ్ బ్రేక్, తర్వాతే పి. లేకపోతే బండి బరువంతా లోపలి చిన్న కొక్కెం మీద పడుతుంది.

ఇప్పటికే కొని, వారంటీ ఇంకా ఉన్నవాళ్లకి ఒక మాట. కుదుపు మొదలైతే ఫోన్‌లో వీడియో తీయండి. సర్వీస్ సెంటర్‌లో "ఇది మామూలే, అన్ని బళ్లకీ ఉంటుంది" అంటే తలూపి వచ్చేయకండి. మీ కంప్లైంట్‌ని కిలోమీటర్ల రీడింగ్‌తో సహా జాబ్ కార్డులో రాయించి, కాపీ తీసుకోండి. ఇది ఎందుకు చెప్తున్నానంటే, సర్వీస్ పుస్తకంలో ఉన్న నంబర్ పట్టుకుని మొదటి యజమానికి ఫోన్ చేశాను. పాపం, ఏమీ దాచలేదు. "మూడుసార్లు చెప్పానండీ, ప్రతిసారీ మామూలే అన్నారు, వారంటీ అయిపోయింది, అందుకే అమ్మేశాను" అన్నాడు. కాగితం మీద ఏదైనా ఉందా అని అడిగాను. ఆ మూడు జాబ్ కార్డులూ వెతికి ఫొటోలు పంపించాడు. మూడింట్లోనూ ఒకటే రాసి ఉంది, జనరల్ చెకప్ అని.