ఆర్బిట్రాన్ ఫాంటు: శీర్షికకు సరిజోడు, ఫోన్ నంబరుకు కాదు

హనుమకొండలో ఫ్లెక్సీలు, ఆహ్వానపత్రికలు డిజైన్ చేయడం నా వృత్తి. ఇంజినీరింగ్ విద్యార్థులు కొందరు తమ రోబోల ప్రదర్శన బ్యానరు చూడగానే రాబోయే కాలం గుర్తుకు రావాలని కోరడంతో, ఆర్బిట్రాన్ ఫాంటును మొదటిసారి ఒక పెద్ద పనికి వాడి చూశాను. మ్యాట్ మెకినర్నీ 2009లో రూపొందించిన ఈ ఫాంటు గూగుల్ ఫాంట్స్‌లో ఉచితంగా దొరుకుతుంది. ఓపెన్ ఫాంట్ లైసెన్సు ఉన్నందున డబ్బులు తీసుకుని చేసే పనులకూ నిశ్చింతగా వాడుకోవచ్చు.

ఇంగ్లిష్‌లో ‘రోబో’ అని పెట్టినప్పుడు అందులోని రెండు ‘ఓ’లూ మూలలు నునుపు చేసిన పాత టీవీ తెరల్లా నిలబడ్డాయి. ఈ పోలిక యాదృచ్ఛికం కాదు. ఇటలీలోని ట్యూరిన్ నగరంలో నెబియోలో సంస్థ 1952లో పెద్దబడి (క్యాపిటల్) అక్షరాలతో మాత్రమే తెచ్చిన మైక్రోగ్రామా అనే ఫాంటు, దానికి చిన్నబడి (స్మాల్) అక్షరాలు చేర్చి ఆల్డో నొవరేసే 1962లో రూపొందించిన యూరోస్టైల్ ఈ ఆకారానికి దారి వేశాయి. భవిష్యత్తు అనగానే మన కళ్ల ముందు మెదిలే అక్షరం నిజానికి అరవై డెబ్బై ఏళ్ల నాటిదన్నమాట.

శీర్షికలో ఎంతో నిండుగా కనిపించిన ఈ ఫాంటు ఫోన్ నంబరు దగ్గర నన్ను నిరాశపరిచింది. అక్షరాలన్నీ ఒకే చట్రంలో పోసినట్టు ఉండటం వల్ల రోడ్డు అవతలి నుంచి చూసేవారికి సున్నాకూ, ఎనిమిదికీ తేడా వెంటనే తెలియదు. అందుకే నంబరును మామూలు ఫాంటులోకి మార్చాను.

అసలు చిక్కు తెలుగుతో వచ్చింది. ఆర్బిట్రాన్‌లో తెలుగు అక్షరాలు లేవు. మన అక్షరాలను నేనే నలుచదరంగా గీయబోతే ‘ప’, ‘వ’ ఒకదానిలో ఒకటి కలిసిపోయాయి, ఎందుకంటే పైన గీత కలిసిందా, విడిగా ఉందా అన్నదే వాటి మధ్య తేడా. వేయి స్తంభాల గుడి దగ్గరున్న 1163 నాటి శాసనంలో, రాతి మీద ఉలితో చెక్కినవాడు సైతం వంపును వదులుకోలేదు. దాన్ని కంప్యూటరులో మనం విరిచేయడం నాకు సమ్మతం కాలేదు. చివరకు ఏక్ టైప్ వారి అనేక్ తెలుగు ఫాంటును ఎంచుకున్నాను. అందులో అక్షరం మందంతో పాటు వెడల్పునూ మార్చుకునే వీలుంది కనుక, బాగా వెడల్పు చేసి పెట్టగానే, గుండ్రదనం చెడకుండానే ఆర్బిట్రాన్ పక్కన తోబుట్టువులా ఇమిడింది. అయితే ‘శాస్త్ర సాంకేతిక ప్రదర్శన’ అన్న మాటల్లో ‘స్త్ర’ ఒత్తులు కింది పంక్తిని తాకడంతో పంక్తుల మధ్య ఎడం పెంచి మళ్లీ ప్రింటు తీయించాల్సి వచ్చింది.

గేమింగ్ సెంటర్లు, మొబైల్ దుకాణాలు, ఎలక్ట్రిక్ స్కూటర్ల షోరూముల బోర్డులకు, రెండు మూడు మాటల మేరకు, ఈ జోడీని ధైర్యంగా సూచిస్తాను. పెండ్లి పత్రికలకు, ఆసుపత్రి బోర్డులకు మాత్రం వాడను.