నల్గొండలో పసిపిల్లల సామాను కొనేవాళ్లు జాగ్రత్త: తొట్టెల అని కుర్చీ అంటగట్టారు

షాపు నుంచి వచ్చి గంట కూడా కాలేదు, కోపంలో రాస్తున్నా, తప్పులుంటే సర్దుకోండి. షాపు పేరు రాయను, రాస్తే రేపు ఇంటి మీదికొస్తారు. ఇక్కడ పిల్లల సామాను కొన్నవాళ్లకు ఎలాగూ అర్థమవుతుంది.

మా చెల్లె కాన్పుకు తల్లిగారింటికి వచ్చింది. పాప పుట్టి ఇవాళ్టికి 26 రోజులు. 21వ నాడు తొట్టెల చేశాం. మేనమామను కదా, చెక్క తొట్టెల ఏం బాగుంటుంది అనుకుని కరెంటుతో ఊగే ఆటోమేటిక్ ఊయల తెచ్చా. 6,800 రూపాయలు. పాటలు పాడుతుంది, రిమోటు కూడా ఉంది. వచ్చిన చుట్టాలు పాపకంటే దానికే ఎక్కువ ఫోటోలు తీశారు.

కొనేటప్పుడు నేను అడిగింది ఒక్కటే. "నెల కూడా నిండని పిల్ల, రాత్రంతా ఇందులో పండబెట్టొచ్చా?" "గందుకే కదా సార్ చేసింది. తల్లి హాయిగా పండుకోవచ్చు, పాప తెల్లారేదాకా లేవదు" అన్నాడు షాపాయన. పైగా ఫ్రీగా ఆవాల దిండు ఒకటి, తల గుండ్రంగా వస్తుందట. రెండు మూడు గంటలకోసారి పాలకు లేవాల్సిన పసిగుడ్డు తెల్లారేదాకా లేవదంటే సంతోషించాలా, భయపడాలా? అప్పుడు తట్టలేదు. రిమోటు చూస్తున్నా కదా.

మూడో రాత్రి రెండింటికి చెల్లె పాలివ్వడానికి లేచింది. ఊయల ఊగుతూనే ఉంది, పాట వస్తూనే ఉంది. పాప కిందికి జారి ముడుచుకుపోయింది. వెనక దిండు ఎత్తు, గదవ వచ్చి ఛాతీకి ఆనుకుంది. ఏడవడం లేదు, ముక్కులోంచి సన్నగా గురగుర అంటోంది, అంతే. చెల్లె గబుక్కున ఎత్తుకుంది. ఒక్క క్షణం ఆగి పాప గట్టిగా ఏడ్చింది. ఆ ఏడుపు విన్నాక మా అమ్మ అక్కడే కింద కూర్చుండిపోయింది.

పొద్దున్నే డాక్టరు దగ్గరికి పరుగెత్తాం. పాప బాగానే ఉంది, దేవుడి దయ. ఫోన్లో ఊయల ఫోటో చూసి ఆమె అన్నది: "ఇది కూర్చోబెట్టేది, పండబెట్టేది కాదు." ఈ వయసులో తల బరువుగా ఉంటుంది, మెడలో బలం ఉండదు. ఏటవాలుగా ఉంటే తల ముందుకు వాలుతుంది, సన్నటి ఊపిరి గొట్టం నొక్కుకుపోతుంది. తల ఎత్తుకోవడం పిల్లకు చేతకాదు. ఊపిరి అందకపోయినా చప్పుడు చేయకపోవచ్చట. ఆ మాటకు నాకు చెమటలు పట్టాయి.

నేను లెక్కల సార్‌ని. ఇంటికి వచ్చి కోణమానిని పెట్టి కొలిచా. 30 డిగ్రీల పైనే. అమెరికాలో 10 డిగ్రీలకు మించి వాలుగా ఉండే పసిపిల్లల పడకలు అమ్మకూడదని 2022లోనే చట్టం చేశారట. ఈ కొలత కొనకముందు పెట్టి ఉంటే!

ఇక ఇవాళ్టి సంగతి. డబ్బాతో సహా తీసుకుపోయి జరిగింది చెప్పా. పాప ఎట్లుందని కూడా అడగలేదు. డబ్బా తిప్పాడు, అడుగు భాగంలో వేలు పెట్టాడు. చీమ తలకాయంత అక్షరాల్లో ఇంగ్లిష్‌లో ఉంది, నిద్రకు వాడరాదు, నిద్రపోతే తీసి చదునైన పడక మీద వేయాలి అని. "రాసి ఉంది కదా సార్, చదువుకోలేదా? టీచర్ అంటిరి కదా." కౌంటర్ దగ్గర పిల్లగాడు కిసుక్కున నవ్వాడు.

నాకు మండింది ఆ నవ్వుకు కాదు. ఆయన ఆ లైను కోసం వెతకలేదు. నేరుగా వేలు అక్కడే పెట్టాడు! అంటే అది అక్కడ ఉందని తెలుసు. తెలిసే "గందుకే కదా సార్ చేసింది" అన్నాడు. నాకంటే ముందు ఎంతమందికి అదే వేలుతో చూపించాడో.

వాడిన సామాను వాపసు తీసుకోడట. బిల్లు అంటే తెల్ల చీటీ మీద అంకె ఒకటి. "ప్రశ్న రెండుసార్లు చదవండిరా" అని ఏడాదంతా పిల్లల్ని తిట్టే నేను డబ్బా ఒక్కసారి కూడా చదవలేదు, బిల్లూ అడగలేదు. శభాష్ సార్.

"మీరంతా చీర ఉయ్యాలలోనే పెరిగారు, ఏమైంది" అని అమ్మ అంటోంది. అదీ అడిగాం. మెలకువగా ఉన్నప్పుడు, పక్కనే ఒకరు కూర్చుని కాసేపు ఊపితే సరే, నిద్రకు వద్దన్నది డాక్టరు. అందులోనూ పిల్ల వంగే ఉంటుంది కదా.

ఇప్పుడు చెల్లె మంచం పక్కనే వేరుగా గట్టి, చదునైన పరుపు, దాని మీద పాప వెల్లకిలా. దిండు లేదు, మెత్తలు, బొమ్మలు లేవు. కక్కితే గొంతుకు అడ్డం పడుతుందని అమ్మ పక్కకు తిప్పబోతే, వెల్లకిలానే మంచిదని డాక్టరు గట్టిగా చెప్పింది. మొదటి రాత్రి బాగా ఏడ్చింది, ఇప్పుడు పరవాలేదు. ఆవాల దిండు అమ్మ విప్పేసింది, ఆవాలు పోపుల డబ్బాలోకి పోయాయి.

కొనేవాళ్లు డబ్బా అడుగు చదవండి, పక్కా బిల్లు తీసుకోండి. నేను 1915కి ఫోన్ చేసి వినియోగదారుల ఫిర్యాదు పెట్టా, తెల్ల చీటీతో ఏమవుతుందో చూడాలి. షాపు ఎక్కడో కావాలంటే మెసేజ్ పెట్టండి, ఫోన్ మాత్రం చేయకండి, పాప ఇప్పుడే పండుకుంది.