పది సక్యులెంట్ల ఆన్‌లైన్ కాంబో: 699కి వచ్చేవెన్ని, బతికేవెన్ని

"అసార్టెడ్ సక్యులెంట్స్, పది మొక్కల కాంబో" అని ఆన్‌లైన్‌లో అమ్మే పెట్టె ఇది. సక్యులెంట్లంటే దళసరి ఆకుల్లో, కాడల్లో నీళ్ళు దాచుకునే మొక్కలు. ధర 699, డెలివరీ వేరు. మొక్కకి డెబ్బై పడిందన్నమాట. నర్సరీ పేరు ఇక్కడ అనవసరం, ఎందుకంటే ఇలాంటి పెట్టెలు చాలామంది దాదాపు ఇవే మొక్కలతో పంపుతున్నారు. అయిదుకి మూడు నక్షత్రాలు. ప్యాకింగ్ బాగుంది, మొక్కలూ పచ్చగానే వచ్చాయి. ఒక నక్షత్రం తప్పుడు చీటీలకి తగ్గింది, ఇంకొకటి మన ఎండకీ వానకీ ఆగని మొక్కల్ని ఆ మాట చెప్పకుండా అంటగట్టినందుకు.

వచ్చినవి ఇవీ: జేడ్, గోలమ్, ఘోస్ట్ ప్లాంట్, పాండా ప్లాంట్, పూలతో ఉన్న కలంచో, రెండు రకాల ఎచెవేరియా, బర్రోస్ టెయిల్ సీడమ్, సెంపర్‌వైవమ్, హవర్తియా. హవర్తియా కలబందకి బంధువు. జేడ్ సంగతి తర్వాత. మిగతా ఎనిమిదీ క్రాసులేసీ కుటుంబం, అంటే మన పెరటి రణపాలకి చుట్టాలు.

జేడ్ అని చీటీ ఉన్న మొక్క జేడ్ కాదు. అది పోర్చులకేరియా ఆఫ్రా, ఎలిఫెంట్ బుష్ అంటారు. మన దగ్గర చాలా నర్సరీలు దీన్నే జేడ్ అని అమ్ముతాయి. చిటికెన వేలి గోరంత ఆకులు, ఎర్రటి గోధుమరంగు సన్నకాడ ఉంటే పోర్చులకేరియా. అసలు జేడ్, క్రాసులా ఒవాటా, ఆకు దళసరిగా బొటనవేలంత ఉంటుంది, ఎండ తగిలితే అంచు ఎరుపెక్కుతుంది, కాడ కండపట్టి ఉంటుంది. తమాషా ఏమిటంటే, అదే పెట్టెలో "గోలమ్" అని వచ్చిన గొట్టాల ఆకుల మొక్క క్రాసులా ఒవాటాలోనే ఒక రకం. అసలు జేడ్ వేరే పేరుతో దాని పక్కనే కూర్చుని వచ్చింది! నష్టమేమీ లేదు, పోర్చులకేరియా ఎండకి ఇంకా గట్టిది. కానీ పేరు నమ్మి నీళ్ళు పోసేవాళ్ళకి తేడా తెలియాలి. పోర్చులకేరియా కాస్త ఎక్కువ నీళ్ళు ఓర్చుకుంటుంది, గోలమ్ ఓర్చుకోదు.

ఇక అసలు సమస్య కుండీ లోపలుంది. అన్నీ రెండంగుళాల ప్లాస్టిక్ కుండీల్లో, దాదాపు అంతా కోకోపీట్‌లో (కొబ్బరి పీచు పొట్టు) వచ్చాయి. బరువు తక్కువ కాబట్టి రవాణాకి అదే మేలు. ఇంట్లో మాత్రం అదే చంపుతుంది. పైన ఎండినట్టు కనిపిస్తుంది, నడుమ వారం దాకా తడి ఉంటుంది. పూర్తిగా ఎండిందా, పోసిన నీళ్ళు పీల్చుకోకుండా పక్కలనుంచి జారిపోతాయి. ఘోస్ట్ ప్లాంట్‌ని కుండీలోంచి తీసి పీట్ విదిలిస్తే వేళ్ళ నడుమ తెల్లటి గుడ్డసంచి ఒకటి బయటపడింది, పిల్లమొక్కగా ఉన్నప్పుడు వేళ్ళచుట్టూ పెట్టిన ప్లగ్‌ది. వేళ్ళు దాన్ని చీల్చుకుని పోలేక లోపలే చుట్లు తిరిగాయి. చిన్న కత్తెరతో నిలువునా కత్తిరించి లాగేయాలి, నాలుగు వేళ్ళు తెగినా పరవాలేదు.

అదే సమయంలో వేళ్ళమీద తెల్లటి చుక్కలు కనిపిస్తే గోటితో నొక్కి చూడండి. కరకరలాడితే పెర్లైట్, మట్టి గుల్లగా ఉండటానికి కలిపే తేలికైన తెల్ల గుళికలు. మైనంలా పులుముకుంటే వేరు పిండినల్లి, వేళ్ళ రసం పీల్చే పురుగు. పిండినల్లి అయితే పాత మట్టంతా కడిగేసి, మొక్కని నీడన రెండు రోజులు ఆరబెట్టి, కొత్త మిశ్రమంలోనే నాటాలి. ఈ పెట్టెలో కనిపించినవి పెర్లైట్ గుళికలే.

మిశ్రమం: జల్లించిన దొడ్డు ఇసుక గానీ మూడు నుంచి ఆరు మిల్లీమీటర్ల ఇటుక ముక్కలు గానీ రెండు పాళ్ళు, ఎర్రమట్టి అర పాలు, బాగా మాగిన వర్మీకంపోస్ట్ అర పాలు. సన్న ఇసుక వద్దు, సిమెంటులా బిగుస్తుంది. కుండీ మొక్క వెడల్పుకంటే అంగుళం పెద్దదైతే చాలు, అడుగున చిల్లు తప్పనిసరి. నాటాక అయిదు రోజులు చుక్క నీరు పోయకూడదు, తెగిన వేళ్ళు మానాలి. ఆ తర్వాత అగరుబత్తి పుల్ల అడుగుదాకా గుచ్చి తీయండి. తడిమట్టి అంటుకుంటే ఆగండి, పొడిగా వస్తే కింద చిల్లులోంచి కారేదాకా పోయండి. కింది ఆకు అద్దంలా పారదర్శకమై మెత్తబడితే నీళ్ళెక్కువ. ముడతలు పడి పలచబడితే దాహం. మట్టి తడిగా ఉండి కూడా ముడతలు పడితే వేరు కుళ్ళింది. నలుపు కనిపించని చోటుదాకా కాడ కోసి, నాలుగైదు రోజులు ఆరబెట్టి, పొడి మిశ్రమంలో మళ్ళీ గుచ్చడమే.

ఎచెవేరియాలే ఈ పెట్టెకి ముఖచిత్రం, ముందు పోయేవీ అవే. ఈ కుటుంబం మొక్కలు పగలు ఆకురంధ్రాలు మూసుకుని రాత్రి తెరుస్తాయి. అప్పుడు తీసుకున్న కార్బన్ డయాక్సైడ్‌ని మాలిక్ ఆమ్లంగా దాచుకుని తెల్లారాక వాడుకుంటాయి. క్రాసులేసియన్ యాసిడ్ మెటబాలిజం అన్న పేరు దీనివల్లే. సామర్లకోటలో ఈస్టిండియా కంపెనీ తోటని చూసుకున్న బెంజమిన్ హేన్, రణపాల ఆకు పొద్దున పుల్లగా ఉండి మధ్యాహ్నానికి చప్పబడుతుందని నమిలి కనిపెట్టాడు. ఆ సంగతి రాసిన ఉత్తరం 1815లో అచ్చయింది. (మీరు నమలకండి. కలంచోల్లో గుండె మీద పనిచేసే విషాలుంటాయి. పిల్లీ కుక్కా పశువూ ఉన్న ఇళ్ళలో ఈ కుండీలు ఎత్తున పెట్టాలి.) ఇంతకీ చెప్పొచ్చేదేమిటంటే, వీటి పనంతా చల్లటి రాత్రిలో ఉంది. మే నెల విజయవాడలో రాత్రి కూడా ఉడుకుతుంటే మెక్సికో కొండల ఎచెవేరియా పెరుగుదల ఆపేసి కూర్చుంటుంది. వాడినట్టుందని నీళ్ళు పోస్తే వేరు తాగదు, కుళ్ళుతుంది. హైదరాబాద్, బెంగళూరుల్లో కొంత నయం.

మార్చి నుంచి జూన్ దాకా యాభై శాతం షేడ్ నెట్ కింద, పొద్దుటి ఎండ మాత్రమే. వానాకాలం చూరు కిందో పారదర్శక షీటు కిందో. ఆకుమీది తెల్లటి బూడిద రోగం కాదు, దాని సొంత మైనపు పూత, గొడుగులాంటిది. వేలితో రుద్దినా వేపనూనె కొట్టినా పోతుంది, ఆ ఆకుకి మళ్ళీ రాదు. పెట్టె తెరిచిన రోజే డాబా మీద పెట్టేస్తే ఆకులు కాలి గోధుమ మచ్చలు పడతాయి. రెండు గంటల పొద్దుటెండతో మొదలుపెట్టి పది రోజుల్లో పెంచుకుంటూ పోవాలి.

సెంపర్‌వైవమ్ ఐరోపా కొండలది, దానికి చలి కావాలి. మైదానంలో దాని గురించి ఇంతకంటే చెప్పేది లేదు. ఆ చోట ఇంకో ఘోస్ట్ ప్లాంట్ ఇచ్చుంటే బాగుండేది. ఘోస్ట్ ప్లాంట్ శాస్త్రీయ నామంలో పరాగ్వే ఉంటుంది గానీ పుట్టిల్లు మెక్సికోయే. ఎండకీ, మన మతిమరుపుకీ ఈ పెట్టెలో బాగా ఓర్చుకునేవాటిలో అదొకటి. పాండా కూడా గట్టిదే, నూగు మీద నీళ్ళు నిలవకుండా చూస్తే చాలు.

కలంచో పూలు వాడగానే పారేస్తారు చాలామంది, అక్కర్లేదు. పూకాడల్ని రెండు జతల ఆకులు వదిలి కత్తిరించండి. రాత్రి పొడుగైతేనే మొగ్గ వేసే జాతి ఇది. మన దగ్గర డిసెంబరు రాత్రి పదమూడు గంటల దాకా ఉంటుంది కాబట్టి దానికదే పూస్తుంది, బాల్కనీ ట్యూబులైటు, వీధిదీపం పడకుండా ఉంటే. పడుతుంటే అక్టోబరు నుంచి ఆరు వారాలు సాయంత్రం ఆరు నుంచి పొద్దున ఎనిమిది దాకా అట్టపెట్టె బోర్లించండి. మధ్యలో ఒక్కసారి ఎత్తి టార్చి వేసి చూద్దామనుకోవద్దు.

బర్రోస్ టెయిల్ దారిలోనే గుప్పెడు ఆకులు రాల్చింది, అది దాని స్వభావం, నర్సరీ తప్పు కాదు. ఆ ఆకులూ, ఘోస్ట్ ప్లాంట్ ఆకులూ పొడి మిశ్రమం మీద పరిచి నీడన వదిలేయండి. రెండు నుంచి నాలుగు వారాల్లో గులాబిరంగు వేళ్ళు వస్తాయి, అప్పటినుంచి పలచగా స్ప్రే చేయొచ్చు. ఎచెవేరియా ఆకుని మొదలుదాకా తెగకుండా పక్కకి ఊపి తీయాలి, సగంలో విరిగితే మొలవదు.

కొనేట్టయితే నవంబరు, జనవరి మధ్య కొనండి. పాడైతే ఇరవైనాలుగు గంటల్లో వీడియో పంపితే మారుస్తామన్నారు, కానీ కోకోపీట్ కుళ్ళు బయటపడేది ఎనిమిదో రోజుకో పదో రోజుకో. అందుకని పెట్టె తెరిచే వీడియోలోనే ఒక్కో మొక్కని కుండీలోంచి తీసి, కాడ మొదలు నొక్కి చూపించండి. మెత్తగా ఉందా, ఆరోజే అడగండి.