చుకుంగ్‌లో రెండు రాత్రులు, థామెల్‌లో ఒక జత బూట్లు

ఖాట్మండులో ట్రెక్కింగ్ సామాను అమ్మే థామెల్‌లో 5,600 నేపాలీ రూపాయలు పోసి కొన్న బూటు, ఎవరెస్టు బేస్ క్యాంపు నడక మొదలైన ఐదో రోజున, దింగ్‌బోచె అనే ఊరు ఇంకో గంటలో వస్తుందనగా మునివేళ్ళ దగ్గర నోరు తెరిచింది. మన డబ్బులో 3,500. అమ్మినవాడు బూటు అడుగు అట్టను రెండు చేతులతో వంచి చూపించి, "ఒరిజినల్ సార్, రెండేళ్ళదాకా చూసుకోనక్కర్లేదు" అని హిందీలో ఒట్టేసినంత పని చేశాడు. ఊడొచ్చాక లోపల చూస్తే కుట్టన్నది లేదు, ఉత్త బంక. ఇంటికొచ్చి పది రోజులైనా తలుచుకుంటే ఒళ్ళు మండుతోంది. నాలుగు వేల మీటర్ల పైన, గుండ్రాళ్ళ మీద అడుగడుక్కీ అట్ట మడత పడుతుంటే ఊపిరి కంటే ముందు ధైర్యం పోతుంది. దుకాణం పేరు రాయను. ఆ వీధిలో అలాంటివి చాలా ఉన్నాయి.

అసలు చుకుంగ్‌కి ఎందుకు వెళ్ళానో చెప్పాలి. మా నాన్న గోదావరిఖనిలో బొగ్గుబాయి పని చేశాడు. ఫస్ట్ షిఫ్ట్‌కి తెల్లారకముందే టిఫిన్ డబ్బా పట్టుకుని పోయేవాడు. చాలా ఏళ్ళ కిందట పోలండ్ పర్వతారోహకుడు యెజీ కుకూచ్‌కా గురించి చదివినప్పుడు నన్ను పట్టేసింది ఆయన ఎక్కిన కొండల కంటే ముందు ఆయన పుట్టిన ఊరు. పోలండ్‌లో కటోవిత్సె, బొగ్గు గనుల పట్టణం. 1948లో పుట్టాడు. ఆ కాలపు పోలండ్‌లో పర్వతారోహణ అంటే డబ్బున్నవాళ్ళ సరదా కాదు. ఫ్యాక్టరీ చిమ్నీలకు తాళ్ళు కట్టుకుని వేలాడుతూ రంగులు వేసి, ఆ కూలి డబ్బులతో హిమాలయాలకు వచ్చేవాళ్ళు. రామగుండం చిమ్నీలు చూస్తూ పెరిగినవాణ్ణి, ఆ మాట చదివాక పుస్తకం మూసి చాలాసేపు కూర్చున్నాను.

ఎనిమిది వేల మీటర్లు దాటిన శిఖరాలు ప్రపంచంలో 14. మొదట అన్నీ ఎక్కింది రైన్‌హోల్డ్ మెస్నర్. 1970లో మొదలుపెట్టి 1986 అక్టోబరులో పూర్తిచేశాడు. కుకూచ్‌కా 1979లో లోత్సెతో మొదలుపెట్టి 1987 సెప్టెంబరు 18న షిషాపాంగ్మాతో ముగించాడు, ఎనిమిదేళ్ళు నిండకుండానే. రెండోవాడు అంటారు. నాకా మాట నచ్చదు. లోత్సె ఒక్కటి తప్ప మిగతా పదమూడింటినీ కొత్త దారిలోనో, నడి చలికాలంలోనో ఎక్కాడు. 1985 జనవరి 21న ధవళగిరి, ఫిబ్రవరి 15న చో ఓయు. ఒకే చలికాలం, మధ్యలో పాతిక రోజులు. మరుసటి ఏడు జనవరిలో కాంచనజంగ, 1987 ఫిబ్రవరిలో అన్నపూర్ణ. మకాలుని 1981లో ఒంటరిగా ఎక్కి, దిగేముందు కొడుకు ఆడుకునే ఆరుద్రపురుగు బొమ్మను పైన పెట్టి వచ్చాడు. ఎక్కి వచ్చానన్న మాట జనం నమ్మలేదు. మరుసటేడు ఒక కొరియా ఆరోహకుడికి ఆ బొమ్మ అక్కడే దొరికింది.

ఆయన పోయింది మొదలుపెట్టిన లోత్సె మీదే. ఈసారి దక్షిణ గోడ, అంటే ఆ కొండకి దక్షిణాన ఉన్న నిటారు ముఖం. 1989 అక్టోబరు 24న, సుమారు 8,200 మీటర్ల ఎత్తులో. రెండేళ్ళ కిందటే పద్నాలుగూ అయిపోయాయి, ఇంక ఎవరికీ రుజువు చేయాల్సింది లేదు. ముందు తనే ఎక్కుతున్నాడు, కింద రిషర్డ్ పావ్లోవ్‌స్కీ తాడు పట్టుకున్నాడు. కాలు జారింది, తాడు తెగింది. అది 6 మిల్లీమీటర్ల సన్నపు తాడు, ఖాట్మండు బజారులో కొన్న పాత తాడు. ఆ గోడ కిందనున్న ఊరే చుకుంగ్.

దింగ్‌బోచె దాకా ప్రయాణం అందరూ రాసేదే, నేను మళ్ళీ రాయను. ఖాట్మండు నుంచి రాత్రి ఒంటిగంటకు జీపు, సీటుకి 2,500 (ఇక్కణ్ణుంచి ధరలన్నీ నేపాలీ రూపాయల్లోనే). మా మంథనిని గుర్తుచేసే పేరుతో మంథలి అని ఒక చిన్న ఎయిర్‌పోర్టు, అక్కణ్ణుంచి లుక్లా. సాగర్‌మాథా జాతీయ పార్కు టికెట్ సార్క్ దేశాలవాళ్ళకి పన్నుతో 1,695, పాస్‌పోర్టు చేతిలో ఉంచుకోండి. సామాను మోసే పోర్టర్‌కి, మేం దాయి అని పిలిచేవాళ్ళం, నేపాలీలో అన్న అని, రోజుకి 2,500. నామ్చెలో రెండు రాత్రులు హాయిగా గడిచాయి.

దింగ్‌బోచెలో మేం దిగిన లాడ్జి గురించి మాత్రం చెప్పితీరాలి. నామ్చె నుంచి ఫోన్ చేసి గది 700 అని ఖాయం చేసుకున్నాం. సాయంత్రం మా బావమరిదికి తలనొప్పి, వాంతి వచ్చేట్టుందని వెల్లుల్లి సూప్ ఒక్కటి తాగాడు. నేను దాల్‌భాత్ తిన్నాను, 950. పొద్దున బిల్లులో గది 3,000 అని ఉంది. ఇద్దరూ పూర్తి భోజనం చేస్తేనే 700 అట. ఆ దారిలో దిగిన లాడ్జిలోనే తినాలన్నది అందరికీ తెలిసిన పద్ధతే, నేను తప్పుపట్టను. కానీ ఒంట్లో బాగాలేని మనిషి సూప్ తాగితే అది తిండి కాదనడం ఏం న్యాయం? పైగా వేడినీళ్ళ ఫ్లాస్కు 900, ఫోన్ చార్జింగ్ 500, వైఫై కార్డు 800, అది పది నిమిషాలు కూడా పనిచేయలేదు. పొయ్యి ఏడున్నరకే ఆర్పేశారు.

ఇవన్నీ డబ్బు సంగతులు, పోతే పోయాయి. దాయిని మాత్రం డైనింగ్ హాల్లో కూర్చోనివ్వలేదు. మా ఇద్దరి సామాను మోసిన మనిషి, ఒంటి మీద పల్చటి జాకెట్టు, గిన్నెలు కడిగే చోట నిలబడి తిన్నాడు. నేను లేచి వెళ్ళి అడిగితే యజమాని, "గైడ్లు, పోర్టర్లు అక్కడే తింటారు, ఇక్కడి రూల్" అని మొహం తిప్పుకున్నాడు. గది ఖాయం చేసుకునేటప్పుడే పోర్టర్ ఎక్కడ పడుకుంటాడు, ఏం తింటాడు అని అడగండి. చెప్పలేకపోతే ఇంకో లాడ్జి చూసుకోండి. ఆ ఊళ్ళో లాడ్జిలకు కొదవ లేదు.

మర్నాడంతా అక్కడే పడుకున్నాం. బావమరిదికి తలనొప్పి తగ్గింది కానీ మాట తగ్గలేదు. "బావా, అందరూ బేస్ క్యాంప్ దారిన లోబుచె పోతుంటే మనం ఆ పక్కకి ఎందుకు? మనకి పనికొచ్చే రోజులు రెండు పోతాయి." ఆఫీసులో అందరికీ బేస్ క్యాంప్ ఫొటో చూపిస్తానని చెప్పి వచ్చాడు. వాడి బాధ వాడిది. చుకుంగ్ 4,730 మీటర్లు, అక్కడ పడుకుంటే ఒళ్ళు ఎత్తుకి అలవాటుపడి పైన తేలికవుతుందని చెప్పాను. అది నిజమే. అయినా నేను వెళ్ళేది అందుకు కాదని వాడికి తెలుసు. మూడు గంటల నడకలో మాట్లాడలేదు. నా బూటుకి దాయి ప్లాస్టరు చుట్టాడు, రెండుసార్లు ఊడింది.

చుకుంగ్ అంటే కొద్దిపాటి లాడ్జిలు, రాళ్ళ దడులు, యాక్‌లు. అంతే. మేం దిగిన చోట గది 500, దాల్‌భాత్ 900. అడగకుండానే రెండోసారి, మూడోసారి వడ్డించారు. పొద్దున్నుంచి సరిగ్గా తినని మా బావమరిది ముల్లంగి పచ్చడి నంజుకుని రెండు ప్లేట్లు లాగించాడు. ఆ పచ్చడిలో ఆవాల ఘాటు మన ఆవకాయకి దగ్గరి చుట్టం. పొయ్యిలో యాక్ పిడకలు వేస్తూ లాడ్జి దీదీ మా దాయిని పొయ్యి పక్కనే కూర్చోబెట్టింది, ముందు అతని గ్లాసులోనే టీ పోసింది. అది చూశాక నాకు దింగ్‌బోచె మంట సగం చల్లారింది.

దీదీ మామగారు నా బూటు చూశాడు. ఏమీ అనలేదు. లోపలికెళ్ళి ఒక దబ్బనం, గోనెసంచి నుంచి లాగిన నైలాన్ దారం తెచ్చాడు. దారాన్ని మైనం మీద రెండుసార్లు లాగాడు. బూటుని మోకాళ్ళ మధ్య ఇరికించుకుని, అట్ట అంచు నుంచి పైకి పొడిచి, దారం రెండో కొసను అదే కంత నుంచి వెనక్కి తెచ్చి, ప్రతి కుట్టుకీ పంటితో పట్టి బిగించాడు. బొటనవేలి గోరు మధ్యలో పాత చీలిక, దాన్ని ఆనించే కుట్టు వరస సరిచూసుకున్నాడు. గంటన్నర పట్టింది. డబ్బు తీసుకోలేదు. బలవంతంగా 500 మనవరాలి చేతిలో పెట్టి వచ్చాను. ఆ కుట్టు మీదే బేస్ క్యాంపుకీ వెళ్ళాను, లుక్లాకీ దిగాను.

మధ్యాహ్నానికే మబ్బు కమ్మేసింది కాబట్టి ఆ రోజు గోడ కనిపించలేదు. చుకుంగ్ వెళ్ళేవాళ్ళు ఒక్క రాత్రితో వచ్చేయకండి, పొద్దున్నే చూడాలి. ఐదున్నరకి తలుపు తీస్తే ఊరి నెత్తిన ఉంది. మూడు వేల మీటర్లకు పైగా నిటారుగా రాయి, మంచు. తల ఎంత ఎత్తినా ఇంకా పైకి ఉంది. ఫొటోల్లో ఆ ఎత్తు తెలియదు. ఎక్కడో పైన రాయి కదిలిన చప్పుడు, చాలా ఆలస్యంగా, బియ్యం మూట ఈడ్చినట్టు కిందికి వచ్చింది.

ఊరు దాటి కాసేపు నడిస్తే రాళ్ళు పేర్చి కట్టిన స్మారకం. ఫలకం మీద మూడు పేర్లు: రఫాల్ హోల్దా, చెస్వాఫ్ యాకియెల్, యెజీ కుకూచ్‌కా. 1985, 1987, 1989. ముగ్గుర్నీ ఆ గోడే తీసుకుంది. హోల్దా పోయినప్పుడు కుకూచ్‌కా అదే బృందంలో ఉన్నాడు. అయినా నాలుగేళ్ళకి మళ్ళీ వచ్చాడు. ఎందుకొచ్చావని అడగడానికి మనమెవరం అనుకుంటాను కానీ, అక్కడ నిలబడితే అడగాలనే అనిపించింది. ఫలకం కింద ఎర్రగాజు దీపపు బుడ్డి ఒకటి. పోలండ్‌లో సమాధుల దగ్గర వెలిగించే రకం. మైనం సగం కరిగి గడ్డకట్టింది, వత్తి చుట్టూ ఇసుక, గాజు పగిలిన చోట తడి. ఎవరో అంత దూరం నుంచి సంచిలో మోసుకొచ్చారు.

మా బావమరిది వెనకాలే వచ్చాడని చూసుకోలేదు. "తాడు ఎన్ని మిల్లీమీటర్లన్నావు బావా?" అన్నాడు. ఆరు అన్నాను. జాకెట్టు మెడ దగ్గర వేలాడే దారాన్ని వేళ్ళ మధ్య పట్టుకుని చూశాడు. ఆ తర్వాత ఆ ఊళ్ళో ఇంకో పూట ఉందామని వాడే అన్నాడు. పక్కనున్న చుకుంగ్ రీ, 5,546 మీటర్లు, సగందాకా ఎక్కి గాలికి దిగొచ్చాం.

బేస్ క్యాంపు బాగుంది. ఫొటో వచ్చింది. లోబుచెలో గది ఇరుకు, గోరక్‌షెప్‌లో నీళ్ళు ప్రియం. ఆ రెండు ఊళ్ళలో ఎవరి జోలికీ పోకుండా తిని పడుకుని రావడమే నయం.

ఖాట్మండు రాగానే బూట్లు పట్టుకుని ఆ దుకాణానికి వెళ్ళాను. మనిషి గుర్తుపట్టలేదన్నాడు, బిల్లు చూపిస్తే "పైన రాళ్ళు ఎక్కువ సార్" అన్నాడు, ఇంకో జత మీద 500 తగ్గిస్తానన్నాడు. రాళ్ళు లేని హిమాలయం ఉంటుందా? బూట్లు ఇంటి దగ్గరే కొని, నెల రోజులు వేసుకుని అరగదీసి వెళ్ళండి. థామెల్‌లో స్లీపింగ్ బ్యాగు, చేతికర్ర లాంటివి అద్దెకు తీసుకుంటే నష్టం లేదు. ప్రాణం ఆనుకునే వస్తువు మాత్రం బేరమాడి కొనకండి.

నేను వాడితో వాదిస్తుంటే మా బావమరిది గుమ్మం దగ్గర వేలాడుతున్న తాళ్ళ చుట్టలు చూస్తున్నాడు. ఒకదాన్ని కిందికి దించి, కొస వెతికి పట్టుకుని, "ఇది ఎప్పటిది? ఎవరు వాడింది?" అని అడిగాడు. దుకాణంవాడు మీటరు ధర చెప్పాడు. మావాడు మళ్ళీ అదే అడిగాడు. వాడు మళ్ళీ ధరే చెప్పాడు. తాడు చుట్టను కొక్కేనికి తగిలించి, "పద బావా" అన్నాడు.