బెంగళూరులో పాత కారు: ఏపీ నంబర్‌దా, కేఏ నంబర్‌దా?

మదనపల్లెలోనో అనంతపురంలోనో తెలిసినవాళ్ల స్విఫ్ట్ అమ్మకానికి ఉందంటే మారతహళ్లిలో ఉండే మనవాళ్లకు ప్రాణం లేచొస్తుంది. అదే మోడల్ కేఏ బండి కంటే యాభై వేలు తక్కువకు వస్తుందనుకుందాం. అడ్వాన్సు ఇచ్చే ముందు లైఫ్ ట్యాక్స్ (బండికి ఒకేసారి కట్టే రోడ్డు పన్ను) లెక్క వేయండి.

బయటి రాష్ట్రం బండి కర్ణాటకలో 12 నెలలకు మించి ఉంటే మోటారు వాహనాల చట్టం 47వ సెక్షన్ ప్రకారం ఇక్కడి నంబర్ తీసుకోవాల్సిందే. దాంతోపాటు ట్యాక్స్ మళ్లీ కట్టాలి. చాలామంది దెబ్బతినేది ఇక్కడే. ట్యాక్స్ మీరు కొన్న రేటు మీద వేయరు, బండి కొత్తగా ఉన్నప్పటి ధర మీద వేస్తారు. 5 నుంచి 10 లక్షల కారుకు 14 శాతం, ఆ ట్యాక్స్ మీద మళ్లీ సెస్సు. బండి వయసును బట్టి తగ్గిస్తారు గానీ, ఐదారేళ్ల బండికి కూడా అందులో సగం పైనే కట్టాలి. అప్పట్లో 8 లక్షల కారు మీకు నాలుగున్నరకే దొరికినా ట్యాక్స్ 60 వేలు దాటుతుంది. మిగిలిందనుకున్న యాభై వేలూ అందులోనే పోతాయి. ఏపీలో కట్టిన ట్యాక్స్‌లో మిగిలిన కాలానికి రీఫండ్ అడగొచ్చు, కానీ ఇక్కడ రిజిస్ట్రేషన్ అయ్యాక మళ్లీ అక్కడి ఆఫీసుకు తిరగాలి. ఆ డబ్బును లెక్కలో కలుపుకోకండి.

కాగితాల పని కూడా కేఏ బండికే తేలిక. ఫారం 29, 30 ఇస్తే పేరు మారుతుంది. ఏపీ బండికైతే ముందు పాత ఆర్టీవో నుంచి ఫారం 28 మీద ఎన్ఓసీ (బండి వేరే రాష్ట్రానికి మార్చడానికి అభ్యంతరం లేదనే పత్రం) రావాలి. చాసిస్ నంబర్ మీద కాగితం పెట్టి పెన్సిల్‌తో రుద్ది తీసిన అచ్చు దానికి జతచేయాలి. ఆ అచ్చులో ఒక్క అంకె మసకగా ఉన్నా, చుట్టూ వెల్డింగ్ గుర్తు కనిపించినా ఆ బండి వదిలేయండి. లోన్ ఉంటే అది తీరిపోయిందని బ్యాంకు లెటర్, ఫారం 35 కావాలి. ఎన్ఓసీ చేతికి రాకుండా పూర్తి డబ్బు ఇవ్వొద్దు.

బండి కండిషన్‌లో మాత్రం మీటర్ చూసి కేఏ బండే మేలనుకోవద్దు. సిల్క్ బోర్డ్ ట్రాఫిక్‌లో ఫస్ట్, సెకండ్ గేర్లలో తిరిగిన 40 వేల కిలోమీటర్లు, హైవే మీద నడిచిన 70 వేల కంటే క్లచ్‌ను ఎక్కువ అరగదీస్తాయి. హ్యాండ్‌బ్రేక్ గట్టిగా లాగి, థర్డ్ గేర్ వేసి, క్లచ్ మెల్లగా వదలండి. ఇంజిన్ వెంటనే ఆగిపోవాలి. ఆగకుండా గుర్రుమంటుంటే క్లచ్ జారుతోందని అర్థం, ఆ ఖర్చు రేటులో తగ్గించమనండి. నెల్లూరు, విశాఖ వైపు బండైతే డిక్కీ కార్పెట్ ఎత్తి, తలుపుల అడుగు అంచుల్లో వేలు పెట్టి తుప్పు చూడండి. ఎక్కడి బండైనా టైరు మీద డాట్ కోడ్ చివరి నాలుగంకెలు చదవండి: 3521 అంటే టైరు 2021లో 35వ వారం తయారైంది. ఆరేళ్లు దాటితే, గాట్లు లోతుగా ఉన్నా టైర్ల ఖర్చు మీదే.

బెంగళూరులోనే ఉండిపోయేవాళ్లకు కేఏ బండే మేలు. ఏడాదిలోపు ఊరికి వెళ్లిపోయేవాళ్లు, లేదా కారు ఊళ్లో నాన్నగారి దగ్గరే ఉంచేవాళ్లు ఏపీ బండి తీసుకోవచ్చు. ఆ ఏడాది ఇక్కడ తిప్పితే ఫాస్టాగ్ స్టేట్‌మెంట్లు దాచుకోండి. దారిలో ఆపితే బండి ఎప్పుడొచ్చిందో చూపించాల్సింది మీరే. ఏది కొన్నా ఇన్సూరెన్స్ 14 రోజుల్లో మీ పేరుకు మార్పించుకోండి. నో క్లెయిమ్ బోనస్ (క్లెయిమ్ చేయనందుకు ప్రీమియంలో ఇచ్చే తగ్గింపు) అమ్మినవాళ్లదే, మీకు రాదు, కాబట్టి ప్రీమియం పాత రసీదులో ఉన్నదానికంటే ఎక్కువే పడుతుంది.